తొలి రాజుల కథలు: ఏ రాజచరిత్రతో మొదలుపెట్టాలి?

తొలి రాజుల చరిత్ర రాసినవారిలో చాలామంది ఆ రాజులకు వందల ఏళ్ల తర్వాత పుట్టినవారు. తమ కాలపు రాజు గురించి రాసేటప్పుడు వారికి కళ్లారా చూసిన సంగతులు ఉన్నాయి. కానీ వంశానికి మూలపురుషుడు కావాలి, రాజ్యానికి ఆరంభం కావాలి. అక్కడికి వచ్చేసరికి దేవతలు, యక్షిణులు, సింహాలు, మూడు వందల ఏళ్లు పాలించిన రాజులు వచ్చి చేరతారు. అదే గ్రంథంలో మరికొన్ని పుటలు తిప్పితే ఏ ఏడు ధాన్యం ధర ఎంతకు దిగిందో కూడా ఉంటుంది. చదివేవారికి ఇది చిరాకు కలిగించవచ్చు. నాకు మాత్రం ఈ గ్రంథాల మీద ఇష్టం పుట్టించింది ఈ కలయికే.

ఇలాంటివి అనేక దేశాల్లో ఉన్నాయి. అన్నీ చదవడానికి ఒక జీవితం చాలదు కాబట్టి ఎంపిక తప్పదు. ఇక్కడ ఐదింటిని పోలుస్తాను: కల్హణుడి రాజతరంగిణి, ఐస్‌లాండ్‌లో స్నోరి స్టుర్లుసన్ రాసిన హైమ్స్‌క్రింగ్లా, జెఫ్రీ ఆఫ్ మన్మత్ లాటిన్‌లో రాసిన బ్రిటన్ రాజుల చరిత్ర, లంక మహావంశం, మన ఓరుగల్లు రాజులపై వచ్చిన ప్రతాపచరిత్ర.

వీటిలో ఏది నిజం అని అడిగి ఎంచుకుంటే నిరాశే మిగులుతుంది. పూర్తిగా నిజమైనది ఒక్కటీ లేదు. అడగవలసినవి రెండు ప్రశ్నలు. రచయిత తనకు ఈ సంగతి ఎక్కడ దొరికిందో చెబుతున్నాడా? ఆయన చెప్పింది సరిచూసుకోవడానికి బయట శాసనమో, నాణెమో, తవ్వకమో, పొరుగువారి రాతో ఏదైనా ఉందా? ఈ రెండింటికీ అవునని జవాబు వచ్చే గ్రంథంతో మొదలుపెడితే, ఐతిహ్యం ఎక్కడ ఆగి చరిత్ర ఎక్కడ అందుకుంటుందో పోల్చుకునే చూపు అలవడుతుంది. ఆ తర్వాత ఏ గ్రంథం చేతికి వచ్చినా ఇబ్బంది ఉండదు.

రాజతరంగిణి: మొదటిసారి చదివేవారికి నా ఎంపిక

కల్హణుడు దీన్ని 1148లో మొదలుపెట్టి రెండేళ్ల లోపలే ముగించాడు. ఎనిమిది తరంగాలు, అంటే అధ్యాయాలు; 7,800కు పైగా సంస్కృత శ్లోకాలు. ఆయన తండ్రి చంపకుడు కశ్మీర రాజు హర్షుడి కొలువులో మంత్రి. కనౌజు హర్షవర్ధనుడు వేరు. ఈ హర్షుడు 1101లో హత్యకు గురైనవాడు. రాజులు, సామంతులు ఒకరినొకరు కూల్చుకుంటున్న కాలంలో, కొలువు లోగుట్టు తెలిసిన ఇంట్లో పెరిగిన కవి కల్హణుడు. తాను మాత్రం కొలువులో పదవి చేయలేదు. చూడగలిగేంత దగ్గర, భయపడనవసరం లేనంత దూరం రెండూ ఆయనకు దొరికాయి.

తన దగ్గర ఏమేమి ఉన్నాయో పీఠికలోనే మన ముందు పరుస్తాడు. పూర్వపండితులు రాసిన పదకొండు రాజకథా గ్రంథాలు, నీలమత పురాణం, ఆలయ ప్రతిష్ఠల శాసనాలు, దానశాసనాలు, ప్రశస్తులు చూశానంటాడు. క్షేమేంద్రుడి నృపావళి కవి రచనే అయినా, అజాగ్రత్త వల్ల దానిలో దోషం లేని భాగమే లేదని నిర్మొహమాటంగా తేలుస్తాడు. రాగద్వేషాలు విడిచి, తీర్పరిలా జరిగినదాన్ని చెప్పగలిగినవాడే మెచ్చదగినవాడని ఒక శ్లోకంలో అంటాడు. ఎనిమిది తరంగాలు చదివాక ఆ మాటను ఆయన చాలావరకు నిలబెట్టుకున్నాడనే నేను నమ్ముతున్నాను.

తొలి రాజుల దగ్గర ఏం చేస్తాడో చూడండి. మొదటి గోనందుడు జరాసంధుడి పక్షాన మథురను ముట్టడించి బలరాముడి చేతిలో చనిపోతాడు. కొడుకు దామోదరుడు పగ తీర్చుకోబోయి కృష్ణుడి చక్రానికి బలవుతాడు. గర్భవతిగా ఉన్న రాణి యశోవతిని కృష్ణుడే సింహాసనం ఎక్కిస్తాడు. ఆమెకు పుట్టిన రెండో గోనందుడు పసివాడు కాబట్టి అటు కౌరవులు గాని ఇటు పాండవులు గాని అతన్ని యుద్ధానికి పిలవలేదట. కురుక్షేత్రంలో తమ రాజు లేడెందుకన్న ప్రశ్నకు కశ్మీరంలో చెప్పుకున్న జవాబులా ఉంది ఇది. భారతం వింటూ పెరిగిన మనకు ఆ ముడి వేసిన తీరు వెంటనే కనబడుతుంది.

ఆ తర్వాతే అసలు విశేషం. ఇక్కడి నుంచి 35 మంది రాజులు విస్మృతి సాగరంలో మునిగిపోయారని, వారి సంగతులు చెప్పే గ్రంథాలు నశించాయని కల్హణుడు రాస్తాడు. 35 పేర్లు కల్పించి శ్లోకాల్లో కూర్చడం ఆయనకు ఒక పూట పని. ఆ పని చేయలేదు. ఖాళీని ఖాళీగానే ఉంచాడు. భారతయుద్ధం ద్వాపరాంతంలో జరిగిందన్న నమ్మకాన్ని కూడా కాదని, కలియుగం వచ్చి 653 ఏళ్లు గడిచాక కురుపాండవులు ఉన్నారని లెక్క చెబుతాడు. మన పంచాంగాల లెక్కకు అలవాటుపడినవారు ఇక్కడ ఒక్క క్షణం ఆగుతారు. ఆయన లెక్కను ఒప్పుకోనక్కరలేదు. పెద్దల మాటను తిరిగి లెక్కించిన ఆ ధైర్యాన్ని చూడండి.

అలాగని మొదటి మూడు తరంగాల కాలగణనను నమ్మి ఏమీ కట్టకండి. అశోకుడు, కనిష్కుడు నిజంగా ఉన్నవారే, గ్రంథంలోనూ ఉన్నారు. కానీ వారి కాలాలు శతాబ్దాలు వెనక్కి జరిగిపోయాయి. క్రీ.శ. 6వ శతాబ్దపు హూణ రాజు మిహిరకులుడు ఇందులో క్రీస్తు పూర్వానికి వెళ్లిపోయాడు. మూడో తరంగంలో రణాదిత్యుడు ఒక్కడే 300 ఏళ్లు పాలిస్తాడు. లెక్క కుదరని చోట సంవత్సరాల మూట మొత్తం ఒక రాజు నెత్తిన పెట్టినట్టు తెలుస్తూనే ఉంటుంది.

నాలుగో తరంగం నుంచి నేల గట్టిపడుతుంది. 8వ శతాబ్దపు లలితాదిత్యుడి దిగ్విజయంలో అతిశయోక్తి చాలా ఉంది, ఆయన కట్టించిన మార్తాండ ఆలయం శిథిలంగా నేటికీ నిలిచి ఉంది. అదే తరంగంలో గౌడ (బెంగాల్) వీరుల కథ వస్తుంది. పరిహాసకేశవ విగ్రహాన్ని పూచీగా నిలిపి మాట ఇచ్చి, లలితాదిత్యుడు గౌడ రాజును చంపిస్తాడు. ఆ రాజు సేవకులు అంత దూరం నుంచి వచ్చి, పూచీపడిన ఆ దేవుడి విగ్రహాన్నే పగలగొట్టబోయి, పొరపాటున పక్కనున్న రామస్వామి విగ్రహాన్ని ముక్కలు చేసి, అక్కడే నరకబడతారు. కల్హణుడు తన దేశపు మహారాజును తప్పుపట్టి, పరదేశపు సేవకుల స్వామిభక్తిని వేనోళ్ల పొగుడుతాడు. ఇలాంటి పుటలు మిగతా నాలుగు గ్రంథాల్లో అరుదు.

అయిదో తరంగంలో అవంతివర్మ కాలపు సుయ్యుడు వస్తాడు. రాళ్లు పడి వితస్తా (జీలం) నది పారుదల అడ్డగించి వరదలు, కరువు వచ్చినప్పుడు సుయ్యుడు కుండల కొద్దీ నాణేలు నదిలో విసిరేస్తాడు. పిచ్చివాడనుకున్నారు. ఆకలితో ఉన్న జనం నాణేల కోసం దిగి రాళ్లన్నీ పైకి లాగేశారు, నీరు దిగిపోయింది. ఖారి (అప్పటి ఒక కొలత) ధాన్యం మంచి పంటకాలంలో కూడా 200 దీనారాలు ఉండేదట, సుయ్యుడి తర్వాత 36కు దిగిందట. నాణేల కథలో జానపదపు రుచి ఉంది. ధర మాత్రం ఎవరో రాసిపెట్టుకున్న లెక్కలా ఉంది. సుయ్యపురమే నేటి సోపోర్.

ఏడో తరంగంలో హర్షుడు. కల్హణుడి తండ్రి విశ్వాసంగా కొలిచిన రాజు. ఆలయ విగ్రహాలను పెకలించి లోహం కోసం కరిగించడానికి ప్రత్యేకంగా ఒక అధికారినే నియమించాడని కల్హణుడు దాచకుండా రాస్తాడు. చివర్లో ఆ రాజు ఒంటరిగా చనిపోయిన తీరును జాలితో రాస్తాడు. ఒకే మనిషి మీద ఆ రెండూ పొసగేలా రాయడం చూడడానికైనా ఈ తరంగం చదవాలి.

వరుసగా చదవకండి. మొదటి తరంగం, తర్వాత నాలుగు నుంచి ఏడు, ఆపైన వెనక్కి వచ్చి రెండు, మూడు. ఎనిమిదో తరంగం గ్రంథంలో దాదాపు సగం. సామంతుల పేర్లు, కుట్రలు, ముట్టడులు ఊపిరి తీసుకోనివ్వవు. దాన్ని చివరికి ఉంచుకోండి.

హైమ్స్‌క్రింగ్లా: కథనం కావాలంటే

కల్హణుడి తర్వాత దాదాపు ఎనభై ఏళ్లకు, 1230 ప్రాంతంలో, రాజే లేని ఐస్‌లాండ్‌లో కూర్చుని స్నోరి నార్వే రాజుల చరిత్ర రాశాడు. పదహారు సాగాలు, అంటే వచన గాథలు. 1177 వరకు వస్తాయి. స్నోరి దేశసభలో ధర్మశాస్త్రం వినిపించే పదవిలో రెండుసార్లు ఉన్నవాడు, రాజకీయాల్లో తలమునకలైనవాడు. చివరికి నార్వే రాజు అనుమతితో 1241లో రేక్‌హోల్ట్‌లో తన ఇంట్లోనే హత్యకు గురయ్యాడు.

ఆధారాల ప్రశ్నకు ఈయన చెప్పే జవాబు నాకు చాలా ఇష్టం. రాజుల ఎదుట ఆస్థాన కవులు పాడిన పద్యాలను నమ్ముతానంటాడు. కవులు పొగుడుతారు, నిజమే; కానీ చేయని పనిని చేశావని రాజు ముఖం మీదే, అందరూ వింటుండగా పాడితే అది పొగడ్త కాదు, వెక్కిరింత అవుతుంది, ఆ సాహసం ఎవరూ చేయరు అని వాదిస్తాడు. పద్యం ఛందస్సులో బిగిసి ఉంటుంది కాబట్టి తరాలు మారినా మాట మారదన్నది కూడా ఆయన నమ్మకం. మన ప్రశస్తులు, చాటువులు చదివేటప్పుడు ఈ వాదాన్ని పక్కన పెట్టుకుంటే బాగా పనికొస్తుంది. పూర్తిగా ఒప్పుకోవాలని కాదు. మన శాసన కవులు చాలా ధారాళంగానే పొగిడారు.

ఉత్తరాది పాత మతంలో దేవతలకు పెద్దయిన ఓడిన్, మొదటి సాగాలో దేవుడు కాడు. ఆసియా నుంచి వలస వచ్చిన రాజు, మంత్రవిద్యలు తెలిసిన నాయకుడు. చచ్చాక జనం దేవుణ్ణి చేశారని స్నోరి భావం. క్రైస్తవుడైన రచయిత పాత దేవతలను పారేయలేక రాజులుగా మార్చి ఉంచుకున్నాడు. వంశంలో ఆవున్ అనే రాజు ఆయుష్షు కోసం కొడుకులను ఒకరి తర్వాత ఒకరిని ఓడిన్‌కు బలి ఇస్తాడు. చివరికి మంచం మీద పసిపిల్లవాడిలా కొమ్ముతో పాలు తాగుతూ పడి ఉంటాడు. యయాతి కథ తెలిసినవారికి ఇది మరింత భయంకరంగా అనిపిస్తుంది, ఎందుకంటే ఇక్కడ తిరిగి ఇచ్చేయడం లేదు.

1030లో స్టిక్లెస్టాడ్ యుద్ధంలో పడిన రాజు ఓలాఫ్ కథే గ్రంథంలో సుమారు మూడో వంతు. 1066లో ఇంగ్లండు మీదికి దండెత్తి వెళ్లిన నార్వే రాజు హరాల్డ్ ఎంత నేల ఇస్తారని అడిగిస్తే, ఏడు అడుగులు, లేదా మిగతావారికంటే పొడుగు కాబట్టి ఇంకాస్త, అని జవాబు వస్తుంది. ఆ మాట నిజంగా ఎవరైనా అన్నారా అన్నది వేరే సంగతి. తక్కువ మాటలతో మనిషిని నిలబెట్టడంలో ఈ ఐదుగురిలో స్నోరికి సాటి లేరు. శ్లోకాల అలంకారాలు మీకు భారమనిపిస్తే కల్హణుడిని వదిలి ఇక్కడ మొదలుపెట్టండి.

జెఫ్రీ: చరిత్ర కోసం కాదు

1136 ప్రాంతంలో జెఫ్రీ రాసిన బ్రిటన్ రాజుల చరిత్రకు 200కు పైగా చేతిరాత ప్రతులు మిగిలాయి. ఐరోపా అంతా చదివింది. ట్రాయ్ వీరుడు ఈనియాస్ మునిమనవడు బ్రూటస్ వచ్చి రాక్షసులను తరిమి రాజ్యం స్థాపించడం, లియర్ రాజు ముగ్గురు కూతుళ్లు, మెర్లిన్ ఐర్లండు నుంచి స్టోన్‌హెంజ్ రాళ్లు తెప్పించడం, ఆర్థర్ దిగ్విజయం, చివరికి రోములో 689లో చనిపోయిన కాడ్వాలడర్. అన్నీ ఇందులో ఉన్నాయి.

ఆధారం అడిగితే, ఆక్స్‌ఫర్డ్ ఆర్చ్‌డీకన్ (చర్చి అధికారి) వాల్టర్ తనకు ఇచ్చిన బ్రిటిష్ భాషలోని ఒక ప్రాచీన గ్రంథాన్ని అనువదించానంటాడు. ఆ గ్రంథాన్ని ఇంకెవరూ చూడలేదు. పైగా తన సమకాలిక చరిత్రకారుల పేర్లు చెప్పి, ఆ పుస్తకం మీ దగ్గర లేదు కాబట్టి బ్రిటన్ రాజుల జోలికి రావద్దంటాడు. అదే శతాబ్దం ముగియకముందే విలియం ఆఫ్ న్యూబర్గ్ ఇది కల్పన అని గట్టిగా రాశాడు. అయినా 1301లో ఇంగ్లండు రాజు మొదటి ఎడ్వర్డ్ స్కాట్లండు తనదేనని పోప్‌కు లేఖ రాస్తూ బ్రూటస్ కథనే సాక్ష్యంగా చూపాడు. కల్పిత వంశవృక్షం రాజ్యాల తగాదాలో దస్తావేజు కాగలదని ఇంత స్పష్టంగా చూపే ఉదాహరణ మరొకటి నాకు తెలియదు.

ఆధునిక పరిశోధన స్టోన్‌హెంజ్‌లోని నీలిరాళ్లు పడమటి వేల్స్ నుంచి వచ్చాయని తేల్చింది. జెఫ్రీ కూడా రాళ్లు పడమటి నుంచే వచ్చాయన్నాడు కాబట్టి ఆయనకు ఏదో పాత జ్ఞాపకం అంది ఉండవచ్చని కొందరు ఆశపడ్డారు. ఆ ఒక్క పోలిక మీద నేను బరువు పెట్టను. సాహిత్యం కోసం చదవండి. ముఖ్యంగా లియర్ కథ: ఇందులో చిన్నకూతురు కార్డీలియా తండ్రిని తిరిగి సింహాసనం మీద కూర్చోబెడుతుంది, ఆయన మరో మూడేళ్లు పాలిస్తాడు. షేక్‌స్పియర్ నాటకం తెలిసినవారికి ఈ ముగింపు ఆశ్చర్యం కలిగిస్తుంది.

డెన్మార్క్ రాజులపై సాక్సో రాసిన గ్రంథం కూడా ఈ కోవదే. హామ్లెట్ మూలకథ కోసం మూడు, నాలుగు భాగాలు చదివితే సాధారణ పాఠకుడికి చాలు.

మహావంశం: జాగ్రత్తగా చదవాల్సింది

మిగతా నాలుగింటికంటే ఇది చాలా పాతది. అనురాధపురంలోని మహావిహారానికి చెందిన మహానామ భిక్షువు 5వ శతాబ్ది చివర, లేదా కాస్త తర్వాత, పాళీ పద్యాల్లో రాసినది. 37 అధ్యాయాలు. తర్వాతి తరాల భిక్షువులు కొనసాగించారు. సింహానికి మనవడైన విజయుడు 700 మందితో లంకలో దిగడం, అది సరిగ్గా బుద్ధుని పరినిర్వాణం రోజే కావడం, యక్షిణి కువేణి ఎదురవడం: ఆరంభమంతా ఐతిహ్యమే.

కానీ బయటి సాక్ష్యం విషయంలో ఇది మిగతావాటికంటే ముందుంటుంది. అశోకుడి కాలంలో హిమవంతానికి, అంటే హిమాలయ ప్రాంతానికి, వెళ్లిన భిక్షువుగా ఇది మజ్ఝిముడి పేరు చెబుతుంది. 1851లో కనింగ్‌హామ్ సాంచి పరిసర స్తూపాలను తవ్వించినప్పుడు దొరికిన అస్థికల పేటికల మీద ఆ పేరే బ్రాహ్మీ లిపిలో కనబడింది. దానికి ముందే, 1837లో, శాసనాల్లోని పియదసి అంటే అశోకుడేనని జార్జ్ టర్నర్ గుర్తించింది కూడా లంక పాళీ వంశకథల ఆధారంతోనే. సముద్రం అవతల భిక్షువులు దాచిన మాట లేకపోతే మన శిలాశాసనాల రాజు పేరు తెలుసుకోవడానికి ఇంకెంత కాలం పట్టేదో.

జాగ్రత్త ఎందుకంటే, ఇది ఒక విహారం తన పక్షాన రాసుకున్న చరిత్ర. ప్రతి అధ్యాయం చివర సజ్జనుల ప్రసన్నత కోసం, ఉద్వేగం కోసం రాసినట్టు చెప్పుకుంటుంది. 22 నుంచి 32 వరకు పదకొండు అధ్యాయాలు దుట్ఠగామణి అనే ఒక్క రాజుకే. ఆయన చేతిలో ఓడిన చోళుడు ఎళారుడు 44 ఏళ్లు ధర్మంగా పాలించాడని, కొడుకు రథం కింద దూడ చనిపోతే కొడుకును అదే రథచక్రంతో శిక్షించాడని అదే గ్రంథం ఒప్పుకుంటుంది. (బెజవాడ మాధవవర్మ తన కొడుకుకు మరణశిక్ష వేసిన కథ మనకు తెలిసిందే. ఈ రథం దక్షిణాదిలో చాలా రాజ్యాలు తిరిగింది.) ఎళారుడి సమాధి దగ్గర వాద్యాలు ఆపి నడవాలని దుట్ఠగామణి ఆజ్ఞాపించిన ఘట్టం ఎంతో ఉదాత్తంగా ఉంటుంది. మరి కొన్ని పద్యాలకే, యుద్ధంలో చంపినవారిలో మనుషులుగా లెక్కించదగినవారు ఒకటిన్నర మందే అని భిక్షువులు రాజును ఓదారుస్తారు. ఆ పద్యాలు చదివినప్పుడల్లా నాకు మనసు కలతపడుతుంది. ఆధునిక లంకలో ఈ గ్రంథాన్ని రాజకీయాలకు వాడుకున్న తీరు తెలిసే చదవాలి. బౌద్ధ చరిత్ర మీద ఆసక్తి ఉన్నవారికి ఇది తప్పనిసరి. మిగతావారికి రెండోదిగానో మూడోదిగానో ఉండనివ్వండి.

ప్రతాపచరిత్ర: మనవారికి మాత్రమే దక్కే అవకాశం

ఏకామ్రనాథుడు 16వ శతాబ్దంలో కాకతీయుల మీద తెలుగు వచనంలో రాసిన ప్రతాపచరిత్రను పైవాటి పక్కన నిలిపితే చిన్నదే. రచయిత ఆధారాలు విప్పి చూపడు కూడా. మొదటి ప్రశ్నకు జవాబు లేదు. రెండో ప్రశ్నకు మాత్రం ఇంత చక్కని జవాబున్న గ్రంథం మనకు మరొకటి లేదు, ఎందుకంటే కాకతీయుల శాసనాలు తెలుగు నేలంతా పరుచుకుని ఉన్నాయి.

ఒక్క ఘట్టం చాలు. 1323లో ఓరుగల్లు పడింది. ప్రతాపరుద్రుడిని బందీగా ఢిల్లీకి నడిపించారు. 1330 ప్రాంతంలో ముసునూరి ప్రోలయ నాయకుడు వేయించిన విలస తామ్రశాసనం, ఆయన దారిలోనే సోమోద్భవా నది, అంటే నర్మద, ఒడ్డున మరణించాడంటుంది. 1423 నాటి, రెడ్డి రాణి అనితల్లి వేయించిన కలువచేరు శాసనం ఆయన తన ఇష్టంతోనే స్వర్గానికి వెళ్లాడంటుంది. ప్రతాపచరిత్రకు వచ్చేసరికి ఆయన ఢిల్లీ చేరతాడు. నిద్రపోతున్న సుల్తానులోను, ప్రతాపరుద్రుడిలోను సుల్తాను తల్లి దివ్యతేజస్సు చూస్తుంది. ఒకరు విష్ణువు, ఒకరు శివుడు. విడుదలై, కాశి మీదుగా ఓరుగల్లు తిరిగి వస్తాడు. రెండు వందల ఏళ్లలో ఓటమి ఎలా మెత్తబడిందో, ఎవరికి ఆ మెత్తదనం అవసరమైందో మూడు మెట్లలో కనబడుతుంది. కోటకు 77 బురుజులు, వాటిని కాచే 77 మంది పద్మనాయకులు అన్న లెక్క కూడా ఇందులోదే. తర్వాతి కాలపు నాయక వంశాలు తమ మూలాన్ని ఎక్కడ వెతుక్కున్నాయో అది చెబుతుంది. కథ ఎక్కువ కావాలంటే కాసె సర్వప్ప ద్విపదలో రాసిన సిద్ధేశ్వర చరిత్ర ఉంది. తులనకు మాత్రం వచనమే సుఖం.

అందుకని నా సలహా: సమయం తక్కువుంటే ప్రతాపచరిత్రలోని చివరి భాగం, పక్కన విలస శాసనం పెట్టుకుని చదవండి. ఒక వేసవి సెలవులంత సమయముంటే రాజతరంగిణి. అది నచ్చితే స్నోరి, ఆ తర్వాత మహావంశం. జెఫ్రీని ఎప్పుడైనా చదవవచ్చు.

ప్రతుల సంగతి. రాజతరంగిణికి ఆరెల్ స్టైన్ 1900లో వెలువరించిన ఆంగ్లానువాదం రెండు సంపుటాలు. ఊళ్లు, నదులు, కోటలు ఎక్కడున్నాయో తిరిగి చూసి రాసిన పాదసూచికలే దాని ప్రాణం. కవిత్వం కోసమైతే 1935లో వచ్చిన రంజిత్ సీతారామ్ పండిత్ అనువాదం. సంస్కృతం కొంచెం వచ్చినా మూలాన్ని పక్కనే ఉంచుకోండి, కల్హణుడి శ్లోకం చాలాచోట్ల మన చెవికి తేలిగ్గానే పడుతుంది. మహావంశానికి గైగర్ 1912 అనువాదం ఇప్పటికీ సరిపోతుంది. హైమ్స్‌క్రింగ్లాకు పాత లేయింగ్ అనువాదం ఉచితంగా దొరుకుతుంది గాని, ఆలిసన్ ఫిన్లే, ఆంథొనీ ఫోక్స్ చేసిన కొత్త అనువాదాన్ని కూడా వైకింగ్ సొసైటీ ఉచితంగానే ఇస్తోంది. మూలంలోని పద్యాలు దానిలో స్పష్టంగా ఉన్నాయి కాబట్టి దాన్నే తీసుకోండి.